మన్రోవిల్ కోర్టు భవనము నేర్పు పాఠము

ఒక దేశపు ప్రజలు దేనిని గౌరవింతురో తెలిసికొనగోరువారు ఆ దేశపు రాజధానిలోని మేడలను చూచిన చాలదు. చిన్న పట్టణములలో సామాన్యజనులు తాము చెల్లించిన పన్నులతో తమ యూరి నడిబొడ్డున నేమి కట్టుకొనిరో దానిని చూడవలెను. అమెరికా సంయుక్త రాష్ట్రముల దక్షిణ భాగమునందలి చిన్న పట్టణములకు పోయినచో, నడుమ నొక చతురస్రమైన పచ్చిక బయలును, దాని నాలుగు ప్రక్కల వీథులును, ఆ వీథుల వెంబడి అంగళ్ళును, బయలు మధ్య నొక గంభీరమైన కట్టడమును తఱచుగా కనబడును. ఆ కట్టడమే కౌంటీ కోర్టు.

అట్టి కోర్టులలో నొకదానిని గూర్చి, అనగా అలబామా రాష్ట్రమునందలి మన్రోవిల్ పట్టణపు పాత కోర్టును గూర్చి, మా యభిప్రాయమును ఈ పత్రిక చదువరుల యెదుట నుంచదలచితిమి. అందమైన న్యాయస్థానమున అన్యాయము జరిగియున్నచో, తరువాతి తరములవారు ఆ భవనము నేమి చేయవలెను? కొందఱు కూల్చుమందురు, కొందఱు కొలుచుమందురు. ఈ రెండును తగవనియు, దానిని ఉన్నదున్నట్లు నిలిపి, అందు జరిగినదెల్ల దాచక చెప్పుటయే ధర్మమనియు మేము తలంచుచున్నాము. ఎందుకట్లు తలంచుచున్నామో విన్నవించెదము.

మొదట కౌంటీ యననేమో చెప్పవలెను. అమెరికాలో చాల రాష్ట్రములను పరిపాలనార్థము కౌంటీలుగా విభజించిరి. అలబామాలో నట్టివి 67 కలవు. కౌంటీకి ముఖ్యపట్టణముగా నేర్పడిన యూరిలో కోర్టు నిర్మింతురు. అందు నేరముల విచారణ మాత్రమే గాక, భూముల దస్తావేజులు, వీలునామాలు, వివాహపు అనుమతి పత్రములు, పన్నుల లెక్కలు మొదలైనవియు నుండును. పూర్వము మన ప్రాంతమున మునసబు కోర్టనియు, తాలూకా కచేరీ యనియు, రిజిస్ట్రారు ఆఫీసనియు వేఱువేఱుగా నుండినవన్నియు ఒక్క కప్పు క్రింద చేరినట్లు భావించినచో దాని ప్రాముఖ్యము బోధపడును. రైతు భూమి కొన్నను, తండ్రి మరణించిన పిమ్మట కుమారులు ఆస్తి పంచుకొన్నను, వధూవరులు పెండ్లి నిశ్చయించుకొన్నను ఆ మెట్లెక్కవలసినదే. అందుచేత నా భవనము ఒక్క న్యాయవాదులది గాక కౌంటీలోని ప్రతి కుటుంబమునకును సంబంధించినదై యుండెను.

మన్రో కౌంటీ 1815లో ఏర్పడినది. అప్పటికి అలబామా యను రాష్ట్రమే లేదు. అది 1819లో ఏర్పడినది. 1817లో అమెరికా అధ్యక్షపదవి నధిష్ఠించిన జేమ్సు మన్రో పేరు ఈ కౌంటీకి పెట్టిరి. మొదట అలబామా నది యొడ్డుననున్న క్లెయిబోర్న్ అను పట్టణము దీనికి ముఖ్యస్థానముగా నుండెను. 1832లో ఆ స్థానమును నదికి దూరముగా కౌంటీ నడిమిభాగమునకు మార్చిరి. అట్లు ముఖ్యపట్టణమైనదే మన్రోవిల్. నదిమీది వర్తకము తగ్గిన పిమ్మట క్లెయిబోర్న్ క్రమముగా క్షీణించి నామమాత్రమాయెను. కోర్టు గల మన్రోవిల్ నిలిచినది. అయినను అది పెద్ద నగరము కాలేదు. 2020 నాటి జనాభా లెక్కలలో నైనను దాని జనసంఖ్య సుమారు 6,000 మాత్రమే.

మేము చెప్పబోవు భవనము 1903లో ప్రారంభింపబడి 1904లో పూర్తియైనది. దీని నమూనా గీచినవాడు ఆండ్రూ బ్రయన్ అను భవనశిల్పి. ఇతడు దక్షిణ రాష్ట్రములలో మఱికొన్ని కౌంటీలకును కోర్టులు కట్టించినవాడు. భవనము ఇటుకలది. దళసరి గోడలకును, గుండ్రని కమానులకును పేరుపడిన రోమనెస్కు రీతియు, కొలత తప్పని పొందికకు పేరుపడిన ఆంగ్లేయుల జార్జియను రీతియు నిందు కలిసినవని శిల్పశాస్త్రము తెలిసినవారు చెప్పుదురు. పైని గుమ్మటముతో గూడిన గడియారపు బురుజు కలదు. చేతి గడియారములు కొద్దిమందికే యుండిన ఆ దినములలో ఊరివారందఱికి నొక్క కాలమును చూపునది యిట్టి గడియారమే. పొలమునుండి వచ్చిన రైతుకును, అంగడి తెఱచు వర్తకునకును, బడికి పోవు బాలునకును గంట యొక్కటే. చట్టమును అట్లే అందఱికి నొక్కటి యని చెప్పుట యా బురుజు నుద్దేశమని మనము తలంపవచ్చును.

లోపల పై యంతస్తున విచారణశాల యున్నది. ఈ భవనమునకు కీర్తి తెచ్చినది ఆ గదియే. సామాన్యముగా కోర్టుగదులు నలుచదరముగా నుండును. ఇది గ్రుడ్డు ఆకారమున వంపు తిరిగియున్నది. ఎత్తైన కిటికీలనుండి వెలుతురు పుష్కలముగా వచ్చును. పైకప్పునకు అచ్చులు వేసిన తగరపు రేకులు బిగించిరి. ఒక కొనను న్యాయాధిపతి యాసనము; దాని సమీపమున సాక్షి కుర్చీ; ప్రక్కన జూరీ కూర్చుండు చోటు; ఎదుట వాదిప్రతివాదుల వకీళ్ళ బల్లలు; వాని వెనుక కొయ్య కటకటా; దానికి వెలుపల జనులు కూర్చుండు బల్లలు. పైని గది వంపు ననుసరించి తానును వంపు తిరిగిన బాల్కనీ కలదు. క్రిందనుండి చూచువారికి అది యొక విల్లు వంచి గోడకు తగిలించినట్లుండును. ఇట్టి గదిలో ఎక్కడ కూర్చున్నను న్యాయాధిపతి ముఖము కనబడును. సాక్షి మాట వినబడును.

ఈ యమరికలో నొక తత్త్వము కలదు. రహస్యముగా జరుగు విచారణ న్యాయము కాదని ఆంగ్లేయుల చట్టము నెరిగినవారు చిరకాలముగా నమ్ముచున్నారు. న్యాయము జరుగుట చాలదు. జరుగుచున్నట్లు జనులకు కనబడవలెను. కావుననే విచారణశాలకు తలుపులు తెఱచియుంచి, జనులకు బల్లలు వేయింతురు. న్యాయాధిపతి యాసనము ఎత్తుగా నుండుట ఆతని గొప్పకు కాదు, ఆతడు కూర్చున్న స్థానపు గొప్పకు. జూరీకి వేఱు చోటిచ్చుట, వారు ఏ పక్షమువారును కారని తెలుపుటకు. సాక్షిని ఒంటిగా ఒక కుర్చీలో కూర్చుండబెట్టుట, ఆతడు ఎవరి చాటునను దాగకుండ చెప్పుటకు. ఇట్లు ఆ గదిలోని ప్రతి కొయ్యముక్కయు నొక ధర్మసూత్రమును చెప్పుచున్నది. శిల్పి తన పని చక్కగా చేసెను. ఆ సూత్రములను పాటింపవలసినది మనుష్యులు.

మనుష్యులు వానిని పాటించిరా? ఈ ప్రశ్నకు ఉత్తరము ఆ బాల్కనీయే చెప్పుచున్నది. క్రింది బల్లలు తెల్లవారికి. పై బాల్కనీ నల్లజాతివారికి. పన్నులు ఇరువురును చెల్లించిరి. భవనము ఇరువురదియు నగును. కాని మెట్లెక్కిన పిమ్మట దారులు వేఱు. ఇది యా కాలమున దక్షిణ రాష్ట్రములన్నిట నున్న యాచారము. ఈ భవనమునకు పునాది వేయుటకు రెండేండ్లు ముందు, 1901లో, అలబామా రాష్ట్రము క్రొత్త రాజ్యాంగమును చేసికొనెను. అందు తలపన్ను, చదువు పరీక్ష మొదలైన నిబంధనలు పెట్టి, నల్లజాతివారిలో నత్యధికులను ఓటర్ల పట్టికనుండి తొలగించిరి. బీదలైన తెల్లవారును చాలమంది దానివలన ఓటు కోల్పోయిరి. అందఱికి నొక్క గంట కొట్టు గడియారమును బురుజుమీద నెత్తుచున్న కాలముననే, అందఱికి నొక్క చట్టము లేకుండ చేసిరన్నమాట.

జూరీ విషయమును విద్యార్థులకు కొంచెము విశదముగా చెప్పవలెను. ఆ దేశమున ఘోరనేరముల విచారణయందు ముద్దాయి దోషియో నిర్దోషియో నిర్ణయించువారు సాధారణముగా పండ్రెండుగురు పౌరులు. మన దేశమునందును కొన్ని కోర్టులలో జూరీ పద్ధతి యుండెడిది గాని, 1973 నాటి క్రిమినల్ ప్రొసీజరు కోడుతో అది పోయినది. తన తోడి పౌరులే తన్ను విచారింతురనుట ముద్దాయికి గొప్ప రక్షణ. కాని ఆ పండ్రెండుగురిలో తనవంటివాడొక్కడును లేనప్పుడు ఆ రక్షణ యేమగును? జాతినిబట్టి జూరీనుండి పౌరులను తొలగించుట తగదని అమెరికా సుప్రీముకోర్టు 1880లోనే చెప్పినను, అలబామా కౌంటీలలో జూరీ పట్టికలయందు నల్లవారి పేర్లు కనబడుట లేకుండెను. 1935లో ఆ సుప్రీముకోర్టే అలబామానుండి వచ్చిన యొక యప్పీలులో ఈ మోసమును బయటపెట్టి, శిక్షను రద్దుచేసెను. స్త్రీలకైతే అలబామా జూరీలలో కూర్చుండు హక్కు 1966 నాటి కోర్టు తీర్పు వఱకు లేదు. కావున మన్రోవిల్ విచారణశాలలో ఆ పండ్రెండు కుర్చీలు అరువదేండ్ల పాటు కౌంటీలోని యొక్క వర్గమునకే చెందియుండెనని చెప్పుట తప్పుగాదు.

దాని ఫలమేమో తెలుపుటకు ఒక్క వృత్తాంతము చాలును. 1933 నవంబరులో వాల్టర్ లెట్ అను నల్లజాతివాడు, ఒక తెల్లజాతి స్త్రీని బలాత్కరించెనను నేరముపై పట్టుబడెను. తాను నిరపరాధినని ఆతడు చెప్పెను. 1934 మార్చిలో ఈ కోర్టులో విచారణ జరిగెను. తెల్లవారితో నిండిన జూరీ ఆతడు దోషి యనెను, మరణశిక్ష పడెను. అయినను ఆ కౌంటీలోని తెల్లవారిలోనే కొందఱికి మనస్సు ఊరకుండలేదు. తీర్పు సరికాదేమో యని వారు గవర్నరుకు జాబులు వ్రాసిరి. గవర్నరు మరణశిక్షను యావజ్జీవ కారాగారముగా మార్చెను. కాని మరణశిక్షకై ఎదురుచూచిన దినములలోనే లెట్ మనస్సు చెడిపోయెను. ఆతనిని చెఱసాలనుండి ఆసుపత్రికి పంపిరి. 1937లో క్షయరోగముచే నక్కడనే మరణించెను. ప్రాణము తీయుటకు సంశయించిన ప్రభుత్వము, విడిచిపెట్టుటకు ధైర్యము చేయలేదు. సగము న్యాయము న్యాయము కాదనుటకు ఇంతకంటె దృష్టాంత మేమి కావలెను?

ఈ విచారణ జరుగునాటికి ఆ యూరిలో నొక వకీలు కూతురు ఎనిమిదవ యేడు నిండనున్న బాలిక. ఆమె పేరు హార్పర్ లీ. 1926 ఏప్రిల్‌లో జన్మించినది. తండ్రి అమాసా కోల్మన్ లీ వకీలుగాను, రాష్ట్ర శాసనసభ్యుడుగాను, ఊరి వార్తాపత్రికకు సంపాదకుడుగాను ప్రసిద్ధుడు. ఆతడు 1919లో హత్యానేరము మోపబడిన యిరువురు నల్లజాతివారి పక్షమున వాదించి యోడిపోయెను. ఆ యిరువురును ఉరితీయబడిరి. పిమ్మట నాతడు క్రిమినల్ వ్యవహారములను చేపట్టలేదని ఆతని జీవితము వ్రాసినవారు చెప్పుచున్నారు. బాలిక యా బాల్కనీలో కూర్చుండి తండ్రి వాదమును వినెడిదని ఊరివారు చెప్పుకొందురు.

ఆ బాలిక పెద్దదై 1960లో “టు కిల్ ఎ మాకింగ్ బర్డ్” అను నవలను ప్రకటించెను. 1961లో దానికి పులిట్జరు బహుమానము లభించెను. పిమ్మట నది నలువదికి మించిన భాషలలోనికి పోయినది. కథ మేకోంబ్ అను కల్పిత పట్టణమున 1930లలో జరుగును. టామ్ రాబిన్సన్ అను నల్లజాతివానిమీద, వాల్టర్ లెట్‌మీద మోపినట్టి నేరమునే మోపుదురు. ఆటికస్ ఫించ్ అను తెల్ల వకీలు ఆతని పక్షమున వాదించి, నేరము అసంభవమని అందఱికి కనబడునట్లు చేయును. అయినను జూరీ దోషి యనియే చెప్పును. లెట్ వ్యాజ్యము ఈ కథకు మూలములలో నొకటియై యుండునని పరిశోధకులు తలంచుచున్నారు. నవలలోని కోర్టు బయటిరూపు మన్రోవిల్ కోర్టును పోలదు. 1856లో మొదటి భవనము కాలిపోయెననియు, మిగిలిన స్తంభములతో క్రొత్తది కట్టిరనియు రచయిత్రి కల్పించినది. కాని లోపలి విచారణశాలను తలంచినంతనే మన్రోవిల్ గదియే కన్నులకు కట్టును.

ఆ నవలలో నొక విషయమును మా విద్యార్థులు శ్రద్ధగా గమనింపవలెను. వకీలు పిల్లలకు క్రింద చోటు దొరకదు. అప్పుడు నల్లవారి దేవాలయపు బోధకుడు వారిని బాల్కనీకి తీసికొనిపోయి, తనవారి మధ్య కూర్చుండబెట్టును. విచారణయంతయు మనము ఆ పిల్లల కన్నులతో పైనుండియే చూతుము. క్రింద కూర్చున్నవారు ఎవరు గెలుతురో యని చూచుచుండగా, పైనున్నవారు నిజమెక్కడ నున్నదో చూచుచుందురు. అవమానించుటకై కట్టిన బాల్కనీయే ఆ గది మొత్తమును తేటగా చూపు చోటైనది. చట్టమునుండి ఎవరిని దూరముగా నుంచితిమో వారి స్థానమునుండి చూచినప్పుడే ఆ చట్టపు నిజస్వరూపము తెలియునని ఈ రచన చెప్పకయే చెప్పుచున్నది.

నవలను చలనచిత్రముగా తీయనెంచినప్పుడు, 1961 చివర చిత్రకళాదర్శకుడు హెన్రీ బమ్‌స్టెడ్ మన్రోవిల్‌కు వచ్చి ఆ విచారణశాల కొలతలు తీసికొనెను. ఆ కొలతలనుబట్టి కాలిఫోర్నియాలోని స్టూడియోలో దానిని పోలిన గదిని కట్టిరి. చిత్రము 1962 డిసెంబరులో వెలువడెను. వకీలు పాత్ర ధరించిన గ్రెగరీ పెక్‌కును, చిత్రకళాదర్శకులకును అకాడమీ బహుమానములు వచ్చినవి. ఇట్లు ఒక చిన్న కౌంటీవారు కట్టుకొన్న గదిని ప్రపంచమంతయు చూచినది.

విచిత్రమేమన, ఆ చిత్రము వచ్చిన మఱుసటి యేడే, 1963లో, కౌంటీవారు ప్రక్కనే క్రొత్త కోర్టు కట్టుకొని పాతదానిని విడిచిరి. ఆ దేశమున ఇట్లు విడువబడిన పాత కోర్టులనేకములు నేలమట్టమైనవి. దీనికి మాత్రమా గతి పట్టలేదు. 1973లో దేశీయ చారిత్రక స్థలముల పట్టికలో దీని పేరెక్కించిరి. తరువాత నిది మ్యూజియమైనది. 1990లనుండి ఊరివారే వేషములు ధరించి నవలను నాటకముగా ఆడసాగిరి. మొదటి భాగము ఆరుబయట పచ్చికమీద. విచారణ జరుగు రెండవ భాగము ఆ గదిలోనే. ప్రేక్షకులలోనుండి పండ్రెండుగురిని పిలిచి జూరీ కుర్చీలలో కూర్చుండబెట్టుదురు. వారు తమ మనస్సున నేమి తలంచినను, నాటకపు నియమమునుబట్టి దోషి యనియే చెప్పవలెను. నిరపరాధి యని తెలిసియు దోషి యని పలుకుట ఎట్టిదో ఆ కుర్చీలో కూర్చున్నవాడు తన నోటనే యెరుగును. ఇంతకంటె తీవ్రమైన పాఠమును ఏ పాఠశాలయు నేర్పజాలదు.

ఇక మా వాదమునకు వత్తుము. ఇట్టి భవనమును కూల్చుటయే మేలనువారున్నారు. వారి మాటను తేలికగా త్రోసివేయరాదు. తన తాతను మేడమీదికి తఱిమిన గదిని చూచుటకు ఏ మనుమనికి మనస్సొప్పును? ఆ గోడలకు సున్నము వేయుటకు ఆతడు పన్నేల చెల్లింపవలెను? ఈ ప్రశ్న న్యాయమైనదే. కాని మేమొకటి యడుగుచున్నాము. బాల్కనీని కూల్చినంతమాత్రమున బాల్కనీలో కూర్చుండబెట్టిన పాపము కూలునా? సాక్ష్యము పోవును గాని నేరము పోదు. సాక్ష్యము పోయిన పిమ్మట, అట్టిదేమియు జరుగలేదని చెప్పువారు తప్పక పుట్టుదురు. కాగితముమీది చరిత్రను కాదనుట సులభము. మెట్లెక్కి కూర్చుండదగిన బల్లను కాదనుట కష్టము. కావున అన్యాయమునకు గుఱియైనవారి పక్షముననే ఆ భవనము నిలువవలెనని మేము చెప్పుచున్నాము.

మఱికొందఱు దీనికి విరుద్ధముగా, ఆ భవనమును పుణ్యక్షేత్రమువలె చూతురు. కథలోని సత్పురుషుడైన వకీలును తలంచి కన్నీరు కార్చి, తామును ఆతనివంటివారమే యని తృప్తిపడి యింటికి పోదురు. మా యభిప్రాయమున కూల్చుటకంటె నిదియే యెక్కువ ప్రమాదకరము. 1997లో అలబామా శాసనసభ మన్రోవిల్‌కు రాష్ట్రపు సాహిత్య రాజధాని యను బిరుదమిచ్చెను. అది యుచితమే. కాని యా బిరుదమునకు పదేండ్లు ముందు ఆ కౌంటీలోనే యేమి జరిగెనో తెలిసికొనవలెను.

1987లో వాల్టర్ మెక్‌మిలియన్ అను నల్లజాతివానిని మన్రోవిల్‌లో జరిగిన యొక హత్యకై నిర్బంధించిరి. హత్య జరిగిన వేళ ఆతడు తన యింటియొద్ద నుండెననుటకు సాక్షులనేకులుండిరి. వారిలో నత్యధికులు నల్లజాతివారు. విచారణకు పూర్వమే ఆతనిని మరణశిక్ష పడిన ఖైదీలుండు భాగమున నుంచిరి. విచారణను నల్లవారు తక్కువగానున్న బాల్డ్విన్ కౌంటీకి మార్చిరి. 1988లో ఒకటిన్నర దినములో అంతయు ముగిసెను. జూరీలో పదునొకండుగురు తెల్లవారు, ఒక్కడు నల్లవాడు. జూరీ యావజ్జీవము చాలుననగా, న్యాయాధిపతి దానిని కాదని మరణశిక్ష విధించెను. బ్రయన్ స్టీవెన్సన్ అను నల్లజాతి వకీలు ఆతని పక్షమున పోరాడి, ముఖ్యసాక్షి చెప్పినది అబద్ధమని ఋజువుచేయగా, 1993లో మెక్‌మిలియన్ విడుదలయ్యెను. ఆరేండ్లు ఆతడు చావు ముంగిట కూర్చుండెను. జూరీ నిర్ణయమును కాదని మరణశిక్ష వేయు అధికారమును అలబామా 2017లో గాని న్యాయాధిపతులనుండి తీసివేయలేదు.

ఈ వ్యాజ్యము పాత కోర్టులో విచారింపబడలేదు. అది యప్పటికే వాడుకనుండి పోయినది. అయినను పాఠము గట్టిది. నవల వెలువడి యిరువదియేడేండ్లైన పిమ్మట, దానిని తమదిగా చెప్పుకొను ఊరిలోనే, కల్పనలోని వ్యాజ్యము నిజమైన మనుష్యునిమీద మరల నడచినది. పుస్తకము చదువుట, భవనమును కాపాడుట, నాటకమునకు చప్పట్లు కొట్టుట, ఇవి మనుష్యుని న్యాయవంతునిగా చేయవు. నిన్నటి యన్యాయమునకు నేడు కన్నీరు కార్చుట సులభము. నేటి యన్యాయమును నేడే గుర్తించుట కష్టము. ఈ విపరీతమును స్టీవెన్సన్ తాను 2014లో ప్రకటించిన గ్రంథమున నెత్తిచూపెను.

మఱి యా భవనము నేమి చేయవలెను? మా కోరికలు మూడు. ఒకటి: దానిని బాగుచేయునప్పుడు గుమ్మటముపై నెంత శ్రద్ధ చూపుదురో బాల్కనీపై నంతే చూపవలెను. చూపఱకు ఇంపుగానుండుటకై దాని చరిత్రను మఱుగుపఱచరాదు. రెండు: టామ్ రాబిన్సన్ కథ చెప్పు చోటనే వాల్టర్ లెట్ కథను, ఆతని పేరుతో, తేదీలతో, అంతే విపులముగా చెప్పవలెను. కల్పితుడైన ముద్దాయిని ప్రపంచమెరుగును. నిజముగా ఆ గదిలో నిలిచి మరణశిక్ష విన్నవానిని కొందఱే యెరుగుదురు. ఇది సరిగాదు. కల్పన సత్యమునకు దీపము కావలెను గాని తెర కారాదు. మూడు: దానిని చూడవచ్చు ప్రతివాడును క్రింది బల్లమీద కూర్చుండకముందు మేడమెట్లెక్కి బాల్కనీలో కొంతసేపు కూర్చుండవలెను. న్యాయాధిపతి యాసనమునుండి చూచిన గది వేఱు. అక్కడనుండి చూచిన గది వేఱు.

ఎక్కడి అలబామా, ఎక్కడి మనము అని యెవరైన ననవచ్చును. కాని చట్టము, న్యాయస్థానము, పౌరుడు అను మాటలు మనకును కలవు. కోర్టు మెట్లెక్కువారు మన యిండ్లలోను కలరు. మన పట్టణములయందును పాత కచేరీ భవనములు నిలిచియున్నవి. వాని ప్రక్కగా పోవునప్పుడు విద్యార్థులు రెండు ప్రశ్నలు వేసికొనవలెనని కోరుచున్నాము. దీనిని కట్టినవారు దేనిని గౌరవించిరి? ఇందు ఎవరికి ఎచ్చట చోటిచ్చిరి? మొదటి ప్రశ్నకు గోడలు, కమానులు, గడియారము ఉత్తరము చెప్పును. రెండవదానికి ఉత్తరము వెదకవలెను, పెద్దల నడుగవలెను, ఒక్కొక్కప్పుడు ఆ యుత్తరము మనకు రుచింపకపోవచ్చును. అయినను వెదకుటయే విద్య.

మా పాఠశాలనుండి వెడలువారిలో కొందఱు వకీళ్ళగుదురు, కొందఱు ఉద్యోగులగుదురు, కొందఱు ఇంజనీర్లై ఇట్టి భవనములనే కట్టుదురు. భవనము కట్టువాడు కిటికీలు పెద్దవిగా పెట్టి వెలుతురు రానీయవచ్చును. గది నే మూలనుండి చూచినను అందఱికి కనబడునట్లు వంపవచ్చును. అంతవఱకే శిల్పి పని. ఆ వెలుతురులో ఎవరి ముఖమును చూడక త్రోసివేయుదుమో, ఎవరి మాటను విని నమ్ముదుమో, అది యా గదిలో కూర్చుండువారి పని. మన్రోవిల్ శిల్పి 1904లో తన పని ముగించెను. రెండవ పని ఏ యూరిలోను, ఏ తరమువారికిని, ఒకసారి చేసి ముగించునది కాదు.